పోలండు వంటకములు: క్రాకో నగరమున నొక నడక

పరదేశమును చూచి వచ్చినవారు సాధారణముగా కోటలను, ఆలయములను, చిత్రశాలలను వర్ణింతురు. అవి రాజుల కథను, ధనవంతుల కథను చెప్పును. సామాన్యుడు ఎట్లు బ్రదికెనో, కరవు దినములలో ఏమి తినెనో, ఉన్న కొలదిపాటి గింజలను ఎట్లు దాచుకొనెనో ఆ కట్టడములు చెప్పజాలవు. దానిని చెప్పునది వంటయిల్లు. పోలండు దేశమున నేను చూచిన యట్టి వంటింటి చరిత్రమును నేడు మీకు విన్నవింపదలచితిని.

ఆ దేశపు దక్షిణభాగమున, విస్తులా నది యొడ్డున, క్రాకో అను ప్రాచీననగరము కలదు. పదునారవ శతాబ్దాంతము వరకు పోలండు రాజులకు అదియే రాజధాని. అచ్చట యాత్రికులను కాలినడకను త్రిప్పుచు, దారిలో ఆ దేశపు వంటకములను రుచి చూపించు మార్గదర్శకులు కలరు. చిన్న జట్టు, మూడు నాలుగు గంటల నడక, నాలుగైదు చోట్ల ఆగుట, ఒక్కొక్కచోట కొద్దికొద్దిగా తినుట. ఇదియే పద్ధతి. నేనును అట్టి జట్టులో నొకనిగా చేరితిని. మాకు దారి చూపినది ఏబదియేండ్లు దాటిన యొక స్త్రీ. నేను మాంసము ముట్టనని ముందుగనే యామెతో చెప్పితిని. "మావారికి ఉపవాసదినములు చాల గలవు. అందుచేత మాంసము లేని వంటలకు మా దేశమున కొదువ లేదు. అయితే వడ్డించునప్పుడు పైన పందికొవ్వు ముక్కలు చల్లుదురు, వలదని ముందే చెప్పవలెను" అని యామె హెచ్చరించెను. శాకాహారులై ఆ దేశమునకు బోవువారు ఈ మాటను మరువరాదు.

మా నడక నగరమధ్యముననున్న విశాలమైన అంగడి చౌకమున మొదలయ్యెను. అచ్చటి మేరీమాత చర్చి గోపురము నుండి గంటగంటకు ఒకడు బాకా ఊదును. ఆ పాట నడుమనే తెగిపోవును. శత్రువుల రాకను తెలుపుచు ఊదుచున్న కావలివాని కంఠమున బాణము నాటెననియు, ఆతని స్మరణార్థమే పాటను పూర్తిచేయరనియు ఐతిహ్యము. మధ్యాహ్నపు బాకాను పోలండు రేడియో 1927లో ప్రసారము చేయ నారంభించెను. నేటికిని ఆ యాచారము సాగుచున్నది.

ఆ చౌకమునందే చిన్న బండ్లపై కడియమువలె గుండ్రముగానున్న రొట్టెల నమ్ముదురు. వీనిని ఒబ్వజానెక్ అందురు. పిండిని త్రాళ్లవలె పేని, కడియముగా చుట్టి, ముందు మరుగునీట ముంచి, పిమ్మట పొయ్యిలో కాల్తురు. పైన గసగసాలో, నువ్వులో, ఉప్పుకల్లో చల్లుదురు. 1394వ సంవత్సరపు రాజగృహ వ్యయపట్టికలో, యాద్విగా రాణి కొరకు కొన్న వస్తువులలో, దీని పేరు కానవచ్చుచున్నది. నాడు రాణి తిన్న రొట్టెను నేడు బడికి పోవు బాలుడు నాలుగు నాణెములిచ్చి కొనుక్కొని నడచుచు తినుచున్నాడు.

అక్కడినుండి కోట ద్వారమును దాటి, పాత క్లెపాజ్ అను కూరగాయల సంతకు పోతిమి. అచ్చట పీపాలలో ఉప్పున ఊరిన క్యాబేజీ తురుము, ఉప్పునీట ఊరిన కీరదోసకాయలు ఉండెను. మన ఊరగాయలలోవలె నూనె లేదు, కారము లేదు. ఉప్పు, వెల్లుల్లి, ఒక సువాసన గల ఆకు, అంతే. ఆ పులుపు దానంతట అదే పుట్టినది. హిమము కప్పిన నాలుగైదు నెలలు పొలమున పచ్చని ఆకు మొలవని దేశము గదా! ఆ కాలమున వారిని కాపాడినది ఈ పీపాయే. దానికి వలయు ఉప్పును సమీపమున నున్న వియెలిచ్కా గనినుండి 13వ శతాబ్దము మొదలుకొని త్రవ్వి తీసిరి. 1996లో అచ్చట ఉప్పు తీయుట నిలిపివేసిరి.

ఆ సంతలోనే కదురు ఆకారమున నున్న జున్నుగడ్డను చూచితిని. పేరు ఓస్త్సిపెక్. తాత్రా పర్వతములపై గొఱ్ఱెలకాపరులు గొఱ్ఱెపాలను విరిచి, చెక్క అచ్చులలో ఒత్తి, ఉప్పునీట నానవేసి, పొగలో ఆరవేయుదురు. ఈ పేరును ఇతరులు వాడుకొనకుండ ఐరోపా సమాఖ్య 2008లో రక్షణ నిచ్చినది.

మరియొక అంగడిలో తెల్లని ద్రవమును సీసాలలో నింపి అమ్ముచుండిరి. అది రై అను ధాన్యపు పిండిని నీటిలో కలిపి, వెల్లుల్లి వేసి, నాలుగైదు దినములు పులియబెట్టినది. దానితో కాచు చారును జూరెక్ అందురు. ఆ సీసా మూత తీయగనే, మన కోస్తా మండలములలో గంజిని పులియబెట్టి చేయు తరవాణి వాసన తగిలినట్లయ్యెను. ఈస్టరుకు ముందటి నలుబది దినముల వ్రతమున బీదవారికి ఇదియే దినదినము ఆహారము. వ్రతము ముగియగనే విసిగిన పల్లెటూరి యువకులు ఆ చారుకుండకు పరిహాసముగా శవసంస్కారము చేసి పాతిపెట్టుచుండిరట! నేడు అదే చారును పండుగనాడు గ్రుడ్డుతో, మాంసముతో కలిపి గౌరవముగా వడ్డించుచున్నారు. బీదవాని గంజి పండుగవంట యైనది.

మధ్యాహ్నమున నొక 'పాల భోజనశాల'కు చేరితిమి. ఇట్టిది మొట్టమొదట 1896లో వార్సా నగరమున ఏర్పడినది. పాలు, పిండి, గ్రుడ్లు, కూరలతో చేసిన పదార్థములను అల్పవెలకు అమ్ముట దీని ధర్మము. ప్రభుత్వము కొంత వ్యయమును భరించుటచే కూలివాడును, విద్యార్థియు, పింఛనుపై బ్రదుకు వృద్ధుడును ఒకే బల్లయొద్ద భుజింపగలుగుచున్నారు. అచ్చట నేను పియెరోగి తింటిని. అది మన కజ్జికాయ ఆకారమున నుండు ఉడికించిన కుడుము. లోన ఉర్లగడ్డ, పాలవిరుగుడు, వేచిన ఉల్లి. దీనిని 'రుస్కియె' అందురు. రష్యావారిదని అర్థము కాదు, నేటి ఉక్రెయినులో చేరిన పూర్వపు రుస్ ప్రాంతపుదని అర్థము.

ఆ బల్లయొద్దనే మా మార్గదర్శకురాలు తన బాల్యమును గూర్చి చెప్పెను. 1981లో ఆ దేశమున మాంసమునకు చీట్లు పెట్టిరి. 1989 వరకు అవి పోలేదు. చీటి యున్నను సరకు ఉండెడిది కాదు. తెల్లవారకముందే తల్లి ఒక వరుసలో, అమ్మమ్మ ఒక వరుసలో, తాను మరియొక వరుసలో నిలుచుండువారట. "ఆ దినములలో మా యమ్మమ్మకు తెలిసిన పాతవంటలే మమ్ము సాకినవి. ఉర్లగడ్డ, క్యాబేజీ, పిండి, పులుపు. అవి ఎట్లు కలుపవలెనో ఆమెకు తెలిసియుండెను" అని యామె యనెను. పల్లెలలో రొట్టెను కోయుటకు ముందు కత్తితో దానిపై సిలువగుర్తు గీయుట, నేల బడిన ముక్కను తీసి ముద్దుపెట్టుకొనుట వారి పాత ఆచారము. అన్నము మెతుకును కాలదన్నరాదని మన పెద్దలు చెప్పలేదా?

నేను భారతదేశీయుడనని వినగనే ఆమె మరియొక సంగతి ఎత్తినది. 1942లో, యుద్ధమున తల్లిదండ్రులను గోల్పోయి, సోవియట్ దేశమున ఆకలిచే కృశించిన పోలండు బాలబాలికలకు నవానగర సంస్థానాధీశ్వరుడు జామ్‌సాహెబ్ దిగ్విజయసింహజీ బాలాచడిలో ఆశ్రయమిచ్చెను. కొల్హాపురము చెంత వలివడెలోను వేలకొలది పోలండువారు తలదాచుకొనిరి. వార్సాలో 'మంచి మహారాజు' పేర నేడొక చౌకము కలదు. పెట్టిన అన్నమును ఆ జాతి మరువలేదు.

ఈ జాతి చరిత్రమును తలచుకొన్న ఇది వింత గాదు. 1772 మొదలు 1795 వరకు రష్యా, ప్రష్యా, ఆస్ట్రియా ప్రభువులు పోలండును ముక్కలుగా పంచుకొనిరి. 1918 వరకు, 123 యేండ్లు, పటముపై ఆ దేశము లేదు. రష్యా, ప్రష్యా పాలనలోని బడులలో తల్లిభాషను అణచివైచిరి. కాని వంటింటికి పాలకుల చట్టము చేరలేదు. క్రిస్మసు ముందటి రాత్రి మాంసము లేని పండ్రెండు వంటకములు వండుట, అనుకోని యతిథికై ఒక విస్తరి ఖాళీగా నుంచుట నేటికిని కలదు. ఆ ఖాళీ స్థానము చెరలకు, యుద్ధములకు పోయి తిరిగిరాని వారిదని కొందరు తలంతురు.

కడపట మేము కజిమియెజ్ అను పాత యూదుల పేటకు పోతిమి. యుద్ధమునకు ముందు క్రాకోలో అరువదివేలకు పైగా యూదులుండిరి. నగరజనులలో ఇంచుమించు నాల్గవ పాలు వారిదే. 1941లో జర్మనులు వారిని నది యావలి ప్రహరిలో బంధించిరి. 1943లో ఆ పేటను నిర్మూలించిరి. మిగిలినవారు అత్యల్పులు. ఆ పేట నడుమ గుండ్రని కట్టడమొకటి కలదు. యుద్ధమునకు ముందు యూదులు తమ మతవిధి ననుసరించి కోళ్లను కోయించుకొనిన చోటది. నేడు దాని కిటికీలలో పుట్టగొడుగులు, జున్ను పరచి కాల్చిన పొడుగు రొట్టెలను యువకులకు అమ్ముచున్నారు. యూదులు తమ విశ్రాంతిదినమునకు చేసికొను జడవంటి తీపిరొట్టె పోలండులో ప్రతి రొట్టెల అంగడిలోను దొరకును. రొట్టె మిగిలినది, దానిని చేయ నేర్పినవారు లేరు. అచ్చట మా జట్టులో ఎవ్వరును మాటాడలేదు.

మహాశయులారా! ఆ నడకవలన నాకు తోచినది ఒక్కటే. వంటకము నిలిచియున్నంత మాత్రమున చాలదు. దాని కథ చెప్పువారును ఉండవలెను. చెప్పువారు లేనిచో కరవున ప్రాణము నిలిపిన గంజియు, జాతి పేరు నిలిపిన పండుగవంటయు ఉత్త రుచిగా మిగులును. మన యిండ్లలోను తరవాణి, జొన్నసంకటి, రాగి అంబలి వంటివి కలవు. అవి ఎట్టి దినములలో మన పెద్దలను కాపాడినవో ఎరిగినవారు గ్రామములలో మీవంటి వృద్ధులే. మనుమలు పళ్లెము ముందు కూర్చున్నప్పుడు ఆ సంగతి రెండు మాటలలో చెప్పుడు. వారు వినకపోయినను చెప్పుడు. ఆకలి వేసిననాడు జ్ఞప్తికి వచ్చును.