తుబ్లీ ఖాతము – మన పూచీ



తెలుగునాట రాయికోసమో బొగ్గుకోసమో తవ్వి వదలిన గోతులు మనకు తెలిసినవే. నాలుగు వానలు పడితే అవి చెరువులవుతాయి. కొన్నాళ్ళకు గట్టున తుమ్మ మొలుస్తుంది, కొంగ వాలుతుంది. తుబ్లీలో జరిగినది దీనికి తలక్రిందులు. ఇక్కడ తవ్వకం కొత్త నీటిని ఇవ్వలేదు సరికదా, ఉన్న నీటిని పూడ్చింది.

ఇసుకలో ఉప్పుంటే కాంక్రీటు లోపలి ఇనుము తుప్పు పడుతుంది. అందుకని తవ్వితెచ్చిన ఇసుకను కడుగుతారు. అలా కడగగా వచ్చిన మెత్తని బురద ఏళ్ళ తరబడి తుబ్లీ ఖాతంలో చేరింది. దానికి తోడు ఒడ్డును మట్టితో పూడ్చి కట్టడాలు లేపారు. మురుగు నీరూ వచ్చి కలిసింది. ఈ దేశపు మేడలు కట్టిన చేతులలో మన తెలుగువారి చేతులూ ఉన్నవి గనుక ఈ కథ మనకు పరాయిది కాదు.

ఈ ఖాతపు ఒడ్డున, రాస్ సనద్ వద్ద, మడచెట్లున్నాయి. మన కోరంగి మడ అడవికి ఇవి చుట్టాలే. బురదలో గాలి ఆడదు కాబట్టి మడచెట్టు వేళ్ళను పైకి పంపి ఊపిరి పీలుస్తుంది. ఆ వేళ్ళమీద బురద పేరుకుంటే చెట్టు ఉక్కిరిబిక్కిరై చచ్చిపోతుంది. చెట్టు పోతే దాని నీడన పెరిగే రొయ్యపిల్లలకు చోటుండదు. చలికాలంలో, మన పులికాట్‌కు వచ్చినట్లే, ఇక్కడికీ వచ్చే రాజహంసలకు మేత కరువవుతుంది.

1997లో ఈ ఖాతం 1,610 హెక్టార్ల మేర రామ్‌సార్ జాబితాకెక్కింది. మన కొల్లేరు 2002లో అదే జాబితాలో చేరింది. అయినా 2006లో కొల్లేటిలోని చేపల చెరువుల గట్లు తెగ్గొట్టవలసి వచ్చింది. పేరు జాబితాకెక్కితే చాలదు, నీటికి దారి కావాలి.

2035 నాటికి మడచెట్లను నాలుగింతలు చేస్తామని బహ్రెయిన్ 2021లో ప్రకటించింది. తుబ్లీ ఒడ్డునా మొక్కలు నాటారు. నాటడం ఒక పూట పని. ఆటుపోట్లకు అడ్డులేకుండా, చెత్త పడకుండా కాయడం ఏళ్ళ పని. కోరంగిని, కొల్లేటిని తాతగారి మాటలలోనే విన్న మన పిల్లలను ఒక సెలవునాడు నీరు తీసిన వేళ తుబ్లీ ఒడ్డుకు తీసుకొని వెళదాం. ఆ ఊపిరి వేళ్ళను చూపి, తొక్కవద్దని చెబుదాం. ఇది వారి ఊరి చెట్టు. కాపాడే పూచీ మనందరిదీ.