కాగితమున తప్పు, కడుపుపై దెబ్బ
(చిరువర్తకుల సభలో మేము చేసిన ప్రసంగము)



లైసెన్సు కొరకు మీరు పెట్టుకొనిన అర్జీలు తిరిగివచ్చుచున్న వైనమును గూర్చి నాలుగు మాటలు చెప్పుటకు మేమిచ్చటికి వచ్చితిమి. మీలో ఒక సోదరి మిఠాయి దుకాణమునకై పెట్టిన అర్జీ త్రోసివేయబడినదని వింటిమి. అద్దె పత్రములో ఇంటిపేరు పూర్తిగా నున్నది. ఆధారు కార్డులో పొడి అక్షరముగా నున్నది. ఇదియే నేరము. ఆమె చేసిన మిఠాయిలో దోషమున్నదని ఎవ్వరును చెప్పలేదు. పొయ్యి ఆరినది, అప్పుపై వడ్డీ మాత్రము ఆరలేదు.

ఇది క్రొత్త కథ కాదు. 1860లో మద్రాసు రేవునుండి మొదటి కూలీల ఓడ నాటాలు చేరినది. అటుపిమ్మట మన తెలుగువారెందరో అచ్చట చెమటయోడ్చిరి. గడువు తీరిన కూలీలును, పశ్చిమ తీరమునుండి పోయిన వర్తకులును అంగళ్లు పెట్టుకొనగా తెల్లవర్తకులకది కంటగింపైనది. 1897లో నాటాలు ప్రభుత్వము వర్తకుల లైసెన్సు చట్టమును చేసినది. లెక్కలు ఇంగ్లీషున నుండవలెను, అంగడి శుభ్రముగా నుండవలెను అనునవి అందలి నిబంధనలు. పైకి నిర్దోషమైన మాటలే! కాని లైసెన్సు నిచ్చుటయు మానుటయు అధికారి యిష్టము; అప్పీలు పురపాలక సంఘమునకే; అటుపై న్యాయస్థానమునకు ద్వారము మూయబడినది.

1898లో డర్బనున సోమనాథ మహారాజను వర్తకుని అర్జీని నిరాకరించి, కారణమైనను తెలుపరైరి. విచారణ సాగిన తీరు తగదని ఉన్నత న్యాయస్థానము ఆ నిర్ణయమును కొట్టివేసినది. పురపాలకులు మరల విని, ఆ వ్యాపారము పట్టణమున చాలినంత యున్నదని చెప్పి మరల నిరాకరించిరి. ఈ అన్యాయమును గాంధీ మహాత్ముడు మహజరు వ్రాసి లండను ప్రభుత్వమునకు తెలిపెను. కారణము చెప్పని అధికారము, పైవిచారణ లేని అధికారము ఎట్టి వానినైనను నియంతను చేయునని ఆనాడే తేలినది.

ఇక మన సంగతి. మన పార్లమెంటు 2006లో చేసిన ఆహార భద్రతా చట్టము నాటాలు చట్టము వంటిది కాదు. దాని 31వ సెక్షనును చదువుడు. అర్జీదారుని మాట వినవలెను. కారణములను వ్రాతమూలకముగా నమోదు చేయవలెను. ప్రజారోగ్యము కొరకు అవసరమని తృప్తి కలిగిననే నిరాకరింపవలెను. ఉత్తరువు ప్రతి నియ్యవలెను. నిరాకరణపై ఆహార భద్రతా కమీషనరునకు అప్పీలు గలదు. అర్జీ అసంపూర్ణమైనచో 15 దినములలో తెలుపవలెననియు, సరిదిద్దుటకు 30 దినముల గడువుండవలెననియు 2011 నాటి నిబంధనలు చెప్పినవి. ఒక పొడి అక్షరము వలన ప్రజారోగ్యమునకు ఏ హాని కలుగునో అధికారులే సెలవియ్యవలెను!

అయినను నిందనంతయు వారిపైననే మోపుట న్యాయము కాదు. కల్తీ సరకు పసిబిడ్డల ప్రాణములు తీయగలదు, తనిఖీ ఉండవలసినదే. మనలోను లోపమున్నది. దళారి చేతిలో కాగితములు పోసి, ఏమి వ్రాసెనో చూడక సంతకము చేయుచున్నాము. తప్పును చూపిన నోటీసు వచ్చినను తెరువక గడువు దాటనిచ్చుచున్నాము. ఆ మీదట అర్జీ దానంతటదియే కొట్టువడును. అపుడు వగచి ఫలమేమి?

కావున మా సలహా యిది. నోటిమాటతో తిరిగి రాకుడు; ఉత్తరువును వ్రాతపూర్వకముగా నడుగుడు. చూపిన తప్పును గడువులోపల దిద్ది రసీదు పుచ్చుకొనుడు. దిద్దినను నిరాకరించినచో తడవు చేయక అప్పీలు చేయుడు. చదువెరిగినవారు చదువురాని పొరుగువాని అర్జీని వ్రాసిపెట్టుడు. ఇందు వేడుకోలు లేదు, కలహము లేదు.

నాటాలులో మనవారికి మూయబడిన ద్వారము మనకిచ్చట తెరచియున్నది. తెరచిన వాకిట నిలిచి వెనుకకు మరలుట స్వతంత్రులకు తగదు.