అడవికీ కంపెనీకీ మధ్య తోట కూలీ స్త్రీ

(భూమి హక్కులపై మహిళా కార్యకర్తల శిక్షణా తరగతులలో చేసిన ప్రసంగ పాఠం)



భూమి అనగానే మనం పోడు గురించీ, అసైన్డు భూముల గురించీ, పట్టాలో భార్య పేరు గురించీ మాట్లాడుకుంటాం. ఈ రోజు మనకు అంతగా పరిచయం లేని తగాదా ఒకటి మీ ముందు పెడతాను. ఒక తేయాకు తోట ఉంటుంది. అది మా కౌలు భూమి అంటుంది కంపెనీ. అది అడవి, మాకు అప్పగించమంటుంది ప్రభుత్వం. కేసు దశాబ్దాలు నడుస్తుంది. ఆ తోటలో ఆకు కోసే స్త్రీ మాత్రం ఆ కేసులో వాదీ కాదు, ప్రతివాదీ కాదు.

తమిళనాడు నీలగిరి జిల్లాలోని గూడలూరు సంగతి చూడండి. అక్కడి భూములు నిలంబూరు కోవిలకం వారి 'జన్మం' భూములు. అంటే మలబారు పద్ధతి భూస్వామ్యపు హక్కు. వారి దగ్గర కౌలుకు తీసుకుని కంపెనీలు తోటలు వేశాయి. 1969లో జన్మం హక్కును రద్దు చేస్తూ చట్టం వచ్చింది. తోటల యజమానులు సుప్రీంకోర్టుకు వెళ్లారు. 1972లో బాల్‌మాడీస్ ప్లాంటేషన్స్ కేసులో కోర్టు చట్టాన్ని చాలావరకు ఒప్పుకుంది. కాని అడవులను తీసుకోవడం భూసంస్కరణ కిందికి రాదని ఆ భాగాన్ని కొట్టేసింది. 1974లో పార్లమెంటు ఆ చట్టాన్ని రాజ్యాంగం తొమ్మిదో షెడ్యూలులో చేర్చింది. అదీ సవాలుకు గురైంది. రాజ్యాంగ విద్యార్థులందరూ చదివే 2007 నాటి ఐ.ఆర్. కోయెల్హో తీర్పు ఈ తగాదాలోంచే పుట్టింది. చివరికి 2010లో గ్లెన్‌రాక్ ఎస్టేట్ కేసులో చట్టం చెల్లుతుందని తేలింది. చట్టం వచ్చిన 41 ఏళ్లకు!

ఇంతేకాదు. దేశంలో 'అడవి' అనే మాటకు అర్థం మార్చిన గోదావర్మన్ కేసు కూడా 1995లో ఈ గూడలూరు అడవుల నరికివేత మీదే మొదలైంది. రికార్డుల్లో ఎవరి పేరున ఉన్నా, నిఘంటువు అర్థంలో అడవి అయితే అది అడవేనని 1996 డిసెంబరు 12న సుప్రీంకోర్టు అంది.

కోర్టుల్లో ఈ పెద్ద ప్రశ్నలు నడుస్తుండగా కింద ఏం జరిగింది? అదే చట్టంలోని సెక్షన్ 17 కింద తోట కౌలు భూములు తేలకుండా ఉండిపోయాయి. వాటిలో ఇళ్లు వేసుకున్న చిన్న రైతులకూ, ఆదివాసులకూ, శ్రీలంక నుంచి తిరిగి వచ్చిన తమిళ కూలీలకూ పట్టా లేదు. పట్టా లేకపోతే కరెంటు కనెక్షను కూడా కష్టమే. కంపెనీకి కేసు నడిచినన్నాళ్లూ తోట నడుస్తుంది. కేసు సాగడం దానికి నష్టం కాదు. చీకట్లో వంట చేసుకునే ఆడమనిషికి మాత్రం ప్రతి వాయిదా నష్టమే.

రెండో ఉదాహరణ తిరునెల్వేలి జిల్లా మాంజోలై. 1929లో సింగంపట్టి జమీందారు 8,373 ఎకరాల పైచిలుకు అడవిని బాంబే బర్మా కంపెనీకి 99 ఏళ్ల కౌలుకిచ్చాడు. జమీందారీ పోయినా కౌలు పోలేదు. చుట్టూ ఉన్న అడవి 1988లో కలక్కాడు-ముండంతురై పులుల అభయారణ్యం అయింది. 2018లో తోట భూమిని కూడా రిజర్వు ఫారెస్టుగా ప్రకటించారు. 1999 జూలై 23న ఈ తోటల కార్మికులు కూలి కోసం, జైల్లో ఉన్న తోటివారి విడుదల కోసం తిరునెల్వేలిలో ఊరేగింపు తీశారు. పోలీసులు లాఠీఛార్జి చేసి తరిమితే తామ్రపర్ణి నదిలో పడి 17 మంది చనిపోయారు. వారిలో స్త్రీలున్నారు, పసిబిడ్డ ఉన్నాడు.

కౌలు 2028 దాకా ఉన్నా, 2024లోనే కంపెనీ తోట మూసేస్తూ 'స్వచ్ఛంద' విరమణ పథకం పెట్టింది. తోటను ప్రభుత్వ తేయాకు సంస్థ 'టాన్‌టీ' నడపాలని కార్మికులు కోరారు. 2024 డిసెంబరులో మద్రాసు హైకోర్టు అందుకు ఒప్పుకోలేదు. ప్రభుత్వం చెప్పిన పునరావాసం అమలు చేయమంది. అసలు టాన్‌టీయే తన తోటల్లో సుమారు 2,152 హెక్టార్లను అడవికి తిరిగి ఇచ్చేలా 2022లో ఉత్తర్వు వచ్చింది. శ్రీలంక నుంచి వచ్చినవారికి బతుకు చూపడం కోసం పెట్టిన సంస్థ అది!

అడవి తిరిగి పెరగడం తప్పని నేను అనను. నదులు అక్కడే పుడతాయి. కింద మైదానంలో నీళ్లు తాగేదీ, మోసేదీ మన ఆడవాళ్లే. నా ప్రశ్న వేరు. అడవిని నరికి లాభం తీసినది ఎవరు, దాని ఖరీదు కడుతున్నది ఎవరు?

తోటలో ఇల్లు జీతంలో భాగం. ఇల్లు, ఆసుపత్రి, పసిపిల్లల గది యజమాని బాధ్యతలని 1951 నాటి తోట కార్మికుల చట్టం చెప్పింది. వినడానికి బాగానే ఉంది. కాని పని పోయిన రోజున ఇల్లు పోతుంది, పిల్లల బడి పోతుంది, రేషన్ కార్డు మీది చిరునామా పోతుంది. మూడు తరాలు ఉన్న ఇంటి మీద ఆమెకు ఉద్యోగి హక్కే తప్ప నివాసి హక్కు లేదు.

2006 అటవీ హక్కుల చట్టం ఆదుకోదా అని మీరడగవచ్చు. ఆదివాసేతరులు 2005 డిసెంబరు 13కు ముందు 75 ఏళ్లు అక్కడే ఉన్నట్టు చూపాలి. అంటే 1930 చివరికి ముందే వచ్చి ఉండాలి. మాంజోలై కౌలు మొదలైంది 1929లో. తోట తెరిచాక ఏ సంవత్సరం కొండెక్కారన్న దాని మీద ఒక కుటుంబం భవిష్యత్తు తేలుతుంది. అప్పుడు కూడా, కూలి మీద బతికేవారు అడవి మీద ఆధారపడినవారెలా అవుతారన్న వాదన ఎదురవుతుంది.

అందుకే మనం చేయవలసిన పనులు కొన్ని చెబుతాను.

ఒకటి, సాక్ష్యం. కంపెనీ మస్టరు కంపెనీ చేతిలోనే ఉంటుంది. కాని ఈ చట్టం కింది నియమాలు వృద్ధుల వాంగ్మూలాన్నీ, ఇళ్లు, బావులు, శ్మశానాల వంటి గుర్తులనూ కూడా సాక్ష్యంగా ఒప్పుకుంటాయి. ముసలమ్మలు బతికి ఉండగానే వారి మాటలు రాయించి పెట్టండి.

రెండు, గ్రామసభ. కోరానికి సగం మంది రావాలి, వచ్చినవారిలో మూడో వంతు స్త్రీలుండాలి. ఆ మూడో వంతు వేలిముద్రలకే పరిమితం కాకూడదు.

మూడు, పేరు. పట్టా భార్యాభర్తలిద్దరి పేరునా ఇవ్వాలని ఈ చట్టం 4(4) సెక్షను చెబుతోంది. పునరావాసపు ఇంటికీ అదే సూత్రం పెట్టమని అడగాలి. విరమణ డబ్బు ఖర్చయిపోతుంది, ఇల్లు మిగులుతుంది.

నాలుగు, ఇంప్లీడ్ కావడం. కంపెనీకీ ప్రభుత్వానికీ మధ్య కేసు నడుస్తున్నప్పుడే కార్మిక స్త్రీల సంఘం అందులో పార్టీగా చేరాలి. తీర్పు వచ్చాక వేసే పిటిషను దయ కోసం చేసే విన్నపంగా మిగిలిపోతుంది.

ఇది తమిళనాడు గొడవ, మనకెందుకని అనుకోవద్దు. మన విశాఖ ఏజెన్సీలో అటవీ అభివృద్ధి సంస్థ కాఫీ తోటలున్నాయి. వాటిలో పళ్లు కోసేదీ ఆదివాసీ స్త్రీలే. షెడ్యూల్డు ప్రాంతపు భూమిని ఆదివాసేతరులకు లీజుకివ్వడం ప్రభుత్వానికైనా తగదని 1997లో సమత తీర్పు చెప్పింది. ఆ తీర్పు తెచ్చింది మన ప్రాంతపు ఉద్యమమే. భూమి కంపెనీదా, ప్రభుత్వానిదా అన్న ప్రశ్న దగ్గరే మనం ఆగిపోతే, ఎవరు గెలిచినా గంప మోసే మనిషి ఓడుతుంది. మూడో ప్రశ్న మనం వేయాలి: అక్కడ బతికిన ఆమె సంగతేమిటి?

మీ మీ ఊళ్లకు వెళ్లాక ఈ ప్రశ్నతోనే పని మొదలుపెడతారని ఆశిస్తూ సెలవు తీసుకుంటున్నాను.