గంజాయి కేసులు: సోదా, బెయిలు నిబంధనలు - పంచాయతీ సభ్యుల బాధ్యత

(గ్రామ పంచాయతీ సభ్యుల శిక్షణ తరగతిలో చేసిన ప్రసంగ పాఠము)



పంచాయతీ సభ్యుని సంతకమునకు గ్రామములో విలువ కలదు. ఆ విలువ మిక్కిలి బరువైనదగు సందర్భమును గూర్చి నేడు మీతో ముచ్చటింపదలచితిని. గంజాయి పట్టుబడినచోట పంచనామాపై చేయు సంతకము ఒక మనిషి జీవితములో పది, ఇరువది సంవత్సరములను నిర్ణయింపగలదు.

1985లో పార్లమెంటు చేసిన మాదకద్రవ్యముల చట్టమును ఎన్.డి.పి.ఎస్. చట్టమని వ్యవహరింతురు. దీనిలో శిక్ష తూకమును బట్టి మారును. కేంద్ర ప్రభుత్వము 2001లో చేసిన ప్రకటన ప్రకారము గంజాయి ఒక కిలోకు లోబడినచో స్వల్ప పరిమాణము. 20 కిలోలకు మించినచో వాణిజ్య పరిమాణము. స్వల్ప పరిమాణమునకు శిక్ష ఏడాది వరకు కఠిన కారాగారము, లేదా పదివేల రూపాయల వరకు జుర్మానా, లేదా రెండును. నడుమ నున్న తూకమునకు పదేండ్ల వరకు ఖైదు, లక్ష రూపాయల వరకు జుర్మానా. వాణిజ్య పరిమాణమైనచో పదేండ్లకు తక్కువ కాకుండ ఇరువది ఏండ్ల వరకు ఖైదు, లక్షకు తగ్గని జుర్మానా.

బెయిలు విషయమునను ఈ తూకమే ప్రధానము. వాణిజ్య పరిమాణపు కేసులలోను, మరికొన్ని నిర్దిష్ట నేరములలోను 37వ సెక్షను వర్తించును. అప్పుడు పబ్లిక్ ప్రాసిక్యూటరు వాదము వినకుండ బెయిలు ఈయరాదు. ఆయన వ్యతిరేకించినచో, నిందితుడు దోషి కాడని నమ్ముటకు తగిన కారణములున్నవనియు, బెయిలుపై ఉండగా మరల నేరము చేయడనియు కోర్టు తృప్తి చెందవలెను. ఇట్టి కేసులలో దర్యాప్తు గడువు 180 దినములు. ప్రాసిక్యూటరు నివేదికపై కోర్టు దానిని ఏడాది వరకు పొడిగింపవచ్చును. విచారణ మితిమీరి జాగైనచో బెయిలు ఇచ్చుటకు 37వ సెక్షను అడ్డురాదని సుప్రీంకోర్టు 2023లో మహమ్మద్ ముస్లిం కేసులో చెప్పినది. అయితే ఆ నిందితుడు అప్పటికే ఏడేండ్లకు పైగా జైలులో గడిపియుండెను.

ఒక ఉదాహరణము తీసికొందము. మన్యము నుండి దిగివచ్చు బస్సులో ఒక యువకుడు కూలికొరకు ఎవరిదో మూట మోసికొనివచ్చినాడనుకొనుడు. మూట అతని స్వాధీనములో నున్నదని రుజువైనచో, అందేమున్నదో తనకు తెలియదని నిరూపించుకొను భారము అతనిపైననే పడును. మూట తూకము 19 కిలోలా, 21 కిలోలా అనునది బెయిలు దొరకుటను, దొరకకపోవుటను నిర్ణయించును. గోనెసంచితో కలిపి తూచిరా, విడిగా తూచిరా? చట్టము దృష్టిలో గంజాయి యనగా పూత, కాయ గల కొనలు; కొనలతో కలియని ఆకులు, గింజలు గంజాయి కావు. తూచినది ఏమిటి? ఈ సంగతులు కన్నులార చూచి చెప్పగలవారు పంచనామాకు పిలువబడిన మధ్యవర్తులే.

చట్టము కఠినమైనది గనుకనే సోదాకు కట్టుబాట్లును కఠినముగా ఏర్పరచినది. ఒంటిపై సోదా చేయుటకు ముందు, గెజిటెడ్ అధికారి యెదుట గాని మేజిస్ట్రేటు యెదుట గాని సోదా కోరుహక్కు కలదని ఆ మనిషికి తెలుపవలెను. ఇది 50వ సెక్షను. దీనిని తు.చ. తప్పక పాటింపవలెనని సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనము 2010లో విజయసింహ జడేజా కేసులో తీర్పు చెప్పినది. స్త్రీని స్త్రీయే సోదా చేయవలెను. చేతిసంచికి మాత్రము ఈ సెక్షను వర్తింపదని 2005లో పవన్ కుమార్ కేసులో నిర్ణయమైనది.

సమాచారమునుబట్టి ఇంటిలో ప్రవేశించు అధికారి ఆ సమాచారమును వ్రాతలో పెట్టి, 72 గంటలలో పై అధికారికి పంపవలెను. ప్రొద్దుగ్రుంకిన పిదప వారంటు లేకుండ ప్రవేశింపవలసివచ్చినచో, వారంటు కొరకు ఆగినయెడల సరకు దాచివేయుదురనియో, నిందితుడు పారిపోవుననియో తాను నమ్ముటకు గల కారణములను వ్రాయవలెను. 2024 జూలై 1 నుండి అమలులోనికి వచ్చిన భారతీయ నాగరిక సురక్షా సంహిత ప్రకారము సోదాను, జప్తును దృశ్య శ్రవ్య సాధనములతో చిత్రీకరింపవలెను.

ఇక మీ కర్తవ్యము. వ్రాతమూలకముగా పిలిచినపుడు తగిన కారణము లేక సాక్షిగా రానని నిరాకరించుట నేరము. కావున తప్పక వెళ్లుడు. సోదా మొదలగుటకు ముందే అచ్చట నుండుడు. సరకు ఎచ్చట దొరకినది, ఎన్ని మూటలు, తూకమెంత, సీలు వేసిరా - అన్నియు చూడుడు. పంచనామా చదివించుకొనుడు. ఠాణాలో పిదప తెచ్చిన ఖాళీ కాగితముపై ఎవరు చెప్పినను సంతకము చేయకుడు. చూడనిదానికి చేసిన సంతకము కోర్టులో నిలువదు. దానివలన నిర్దోషి ఏండ్లు జైలులో మ్రగ్గవచ్చును, అసలు వ్యాపారి సునాయాసముగా తప్పించుకొనవచ్చును.

47వ సెక్షను సర్పంచులను పేర్కొని చెప్పుచున్నది: గ్రామములో గంజాయి సాగు జరుగుచున్నట్లు తెలిసినచో వెంటనే అధికారులకు తెలుపవలెను. ఉపేక్షించినచో శిక్ష కలదు. ఆంధ్ర ఒడిశా సరిహద్దు మన్యములో ఈ సాగు ఎంత అనర్థము తెచ్చినదో మీరెరుగుదురు. అయితే ముఠా కక్షలతో బుద్ధిపూర్వకముగా తప్పుడు సమాచారమిచ్చి అరెస్టు చేయించువారికి రెండేండ్ల వరకు ఖైదు విధింపవచ్చునని 58వ సెక్షను చెప్పుచున్నది. నమ్ముటకు కారణము లేక వేధింపుగా సోదా చేయు అధికారికిని అదే సెక్షను శిక్ష విధించును.

అరెస్టయినవానిని 24 గంటలలో మేజిస్ట్రేటు యెదుట హాజరుపరచవలెను. నిర్బంధములో నున్నవారికి ఆదాయముతో నిమిత్తము లేకుండ ఉచిత న్యాయసహాయము లభించును. 15100 నంబరుకు టెలిఫోను చేయవలెనని, జిల్లా న్యాయసేవాధికార సంస్థకు అర్జీ పెట్టవలెనని ఆ కుటుంబమునకు తెలుపుట నేరస్థుని వెనుకవేసికొనుట కాదు. అది చట్టము కల్పించిన హక్కును తెలియజేయుట మాత్రమే.

గంజాయిని గ్రామము నుండి తరిమివేయుటకు మీరు ముందు నిలువవలెను. సాక్షిగా నిలిచిననాడు చూచినంతయు చెప్పుడు, చూడనిది చెప్పకుడు. నేరస్థునికి శిక్షయు, నిర్దోషికి రక్షణయు ఈ ఒక్క నియమముపైననే ఆధారపడియున్నవి.