మాట లేని కథలో మాట విలువ
(ప్లాటినం జూబిలీ సభలో ఒక పూర్వవిద్యార్థి చేసిన ప్రసంగ పాఠం)



కన్నడ సీమలో డెబ్బై అయిదేళ్ళుగా తెలుగు మాటను నిలబెట్టిన ఈ పాఠశాలలో, మాటలే లేని ఒక చలనచిత్రాన్ని గురించి ప్రసంగించడం వింతగా తోచవచ్చు. కాని మాట విలువ నాకు స్పష్టంగా బోధపడినది ఆ చిత్రం వల్లనే.

1931లో మన దేశపు తొలి టాకీ ‘ఆలం ఆరా’ వెలువడింది. అదే ఏడాది నెల్లూరు జిల్లా ఉదయగిరిలో శ్రీ సింగీతం శ్రీనివాసరావు జన్మించారు. ‘మాయాబజార్’ (1957) తీసిన శ్రీ కె.వి. రెడ్డి వద్ద సహాయకులుగా పనిచేసిన ఆయన, 1987లో ఒక్క సంభాషణ కూడా లేని ‘పుష్పక విమానం’ కథను తామే రచించి, తామే దర్శకత్వం వహించారు. చిత్రీకరణ జరిగినది మన బెంగుళూరులోనే.

ఇది మూకీ కాదు. వీధి రొద, తలుపు చప్పుడు, సంగీతం అన్నీ వినిపిస్తాయి. పాత్రలు మూగవారూ కారు. మాట అవసరం లేని సన్నివేశాలనే రచయిత కల్పించారు. ఒక ఉదాహరణ చెబుతాను. కథానాయకుడైన నిరుద్యోగి సినిమా హాలు పక్కన, ఆ గోలలోనే నిద్రించడానికి అలవాటుపడ్డాడు. ధనికుని స్థానంలో పెద్ద హోటలు చేరాక, ఆ నిశ్శబ్దంలో నిద్ర పట్టదు. పాత గోలను టేపులో పట్టి తెచ్చుకొని, అది వింటూ నిద్రపోతాడు. పేదరికం మనిషిని ఎంతగా మలుస్తుందో చెప్పడానికి పుట సంభాషణ అక్కరలేకపోయింది. బిచ్చగాడు చనిపోయినప్పుడు అతడు దాచిన నోట్లకై జనం ఎగబడతారు. శవం వంక చూసేవారుండరు. అక్కడా ఉపన్యాసం లేదు.

చివరకు కథానాయిక వెళ్ళిపోతూ, గులాబీతో పాటు తన చిరునామా వ్రాసిన కాగితం విసురుతుంది. పువ్వు అతనికి దక్కుతుంది. కాగితం గాలికెగిరి మురుగు కాలువ పాలవుతుంది. రెండు గంటలకు పైగా మాట లేకుండా నడచిన కథలో, ఆ నాలుగు అక్షరాలు పోయినందుకే మన గుండె బరువెక్కుతుంది.

విద్యార్థులారా, వ్యాసం వ్రాసేటప్పుడు ప్రతి మాటనూ “నీవు లేకపోతే ఏమి లోటు?” అని ప్రశ్నించండి. జవాబు చెప్పిన మాటనే ఉంచండి.

తల్లిదండ్రులకు ఒక మనవి. వీధిలో కన్నడం, కొలువులో ఇంగ్లీషు మన పిల్లలకు అన్నం పెడతాయి, వాటిని గౌరవించవలసిందే. కాని తాతగారి ఉత్తరాన్ని చదువుకోలేని మనుమడి చేతిలో ఉన్నది పువ్వు మాత్రమే. చిరునామా కాగితం ఎగిరిపోయింది. దానిని గాలికి పోనీయక ఇన్నేళ్ళు పట్టి ఉంచిన నా గురువులకు పాదాభివందనములు.

సెలవు.