లండన్‌లో మన సావిత్రి

నర్సీపట్నం శ్రోతలకు సావిత్రి కథ కొత్తగా చెప్పనక్కర్లేదు. అదే కథను ఓ ఇంగ్లీషు స్వరకర్త లండన్‌లో ఒపెరాగా మలిచాడు. ఆయన గుస్తావ్ హోల్‌స్ట్.

1874లో పుట్టిన హోల్‌స్ట్ ఆడపిల్లల బడిలో సంగీతం మాస్టారు. ఋగ్వేద సూక్తాలకు బాణీలు కట్టాలన్న కోరికతో సంస్కృతం నేర్చుకుని, వాటిని తానే ఇంగ్లీషులోకి తెచ్చుకున్నాడు. ఎంత శ్రద్ధో చూడండి!

1908లో రాసిన 'సావిత్రి' అరగంట నాటకం. పాత్రలు ముగ్గురే, వాయిద్యగాళ్లు పన్నెండుమంది. ఆరుబయటైనా ఆడుకోవచ్చన్నాడు, అచ్చం మన వీధినాటకంలా. మొదట్లో ఏ వాయిద్యమూ మోగదు. కనిపించని చోటునుంచి మృత్యువు గొంతు ఒక్కటే వినిపిస్తుంది. కాసేపటికి సావిత్రి గొంతు దానితో పెనవేసుకుంటుంది. ఒళ్లు జలదరించే ఘట్టమది. ఇక్కడ సావిత్రి అడిగే వరం నిండు జీవితం. భర్త లేనిదే అది నిండదు కదా, మృత్యువు వెనుదిరుగుతుంది.

ఇది 1916లో తొలిసారి రంగస్థలమెక్కింది. ఇక మన దగ్గర అదే కథ 1933లో సి. పుల్లయ్య దర్శకత్వంలో 'సావిత్రి' తెలుగు టాకీగా వచ్చింది. అందులో యముడు వేమూరి గగ్గయ్య. ఆ మరుసటి ఏడే హోల్‌స్ట్ కన్నుమూశాడు.