గీత దాటిన గోలీ
(స్మారకోపన్యాస పాఠం)



మన డ్రిల్లు మాస్టారి పేరున మాట్లాడమని అడగ్గానే నాకు ముందు గుర్తొచ్చింది ఆయన సున్నం డబ్బా. టోర్నమెంటు రోజున ఇంకా తెలవారకముందే తాడు కట్టి, నడుము వంచి, పెనాల్టీ బాక్సు గీతలు ఆయనే పోసేవారు. గోల్‌లో నిలబడే కుర్రాడికి ఒక్కటే చెప్పేవారు: "ఈ గీత లోపల నీకు చేతులున్నాయి, దాటావా, లేవు." ఆ హద్దు ఎప్పుడు పెట్టారు, ఎందుకు పెట్టారు అని మేమెవరం అడగలేదు. ఈ సాయంత్రం ఆ సంగతి చెప్పుకుందాం. అది చెప్పాలంటే లీ రిచ్‌మండ్ రూస్ అనే మనిషి దగ్గరికి వెళ్లాలి.

రూస్ గోల్‌కీపరు, సైనికుడు కూడా. ఆ రెండూ ఒక్కరే అంటే మనవాళ్ల మనసులో పీటర్ తంగరాజ్ మెదులుతాడు. హైదరాబాదులో పుట్టి, మద్రాస్ రెజిమెంటల్ సెంటర్‌లో చేరి, 1962లో రహీమ్ గారి శిక్షణలో జకార్తా ఏషియన్ క్రీడల స్వర్ణం గెలిచిన జట్టులో ఉన్నవాడు. రూస్ అంతకు అరవై ఏళ్ల ముందటివాడు. అప్పటికి గోల్‌కీపింగ్ అనే విద్యకు ఇంకా రూపు కూడా సరిగ్గా ఏర్పడలేదు.

రూస్ 1877 నవంబరు 27న వేల్స్‌లో, రెక్సమ్ దగ్గరి హోల్ట్ అనే ఊళ్లో పుట్టాడు. తండ్రి చర్చిలో మతబోధకుడు. అబెరిస్ట్‌విత్‌లో కాలేజీ చదువు, ఆ ఊరి జట్టులోనే ఆట. 1900లో ఆ జట్టు డ్రూయిడ్స్‌ను 3-0తో ఓడించి వెల్ష్ కప్పు గెలిచింది. అదే ఏడాది ఐర్లండ్ మీద వేల్స్ తరఫున తొలిసారి ఆడాడు. 1911 దాకా మొత్తం 24 సార్లు ఆ దేశపు గోల్‌లో నిలబడ్డాడు. మధ్యలో వైద్యం చదువుతానని లండన్‌లో కింగ్స్ కాలేజీ ఆసుపత్రిలో చేరాడు. డాక్టరు మాత్రం కాలేదు. చదువుకు మిగలాల్సిన శనివారాలన్నీ రైళ్లు తినేశాయి.

ఇక్కడొక చమత్కారం ఉంది. ఇంగ్లండులో ఆటగాళ్లకు జీతమివ్వడం 1885లో చట్టబద్ధమైంది. 1901 నుంచి వారానికి నాలుగు పౌండ్లు మించకూడదని పరిమితి పెట్టారు. స్టోక్, ఎవర్టన్, సండర్‌ల్యాండ్, ఆర్సెనల్... రూస్ ఆడినవన్నీ జీతగాళ్ల జట్లే. తాను మాత్రం జీతం తీసుకోని అమెచ్యూర్‌గానే సంతకం పెట్టేవాడు, ఖర్చులు పుచ్చుకునేవాడు. ఆట వేళకు అందుకోవడానికి ప్రత్యేక రైలు మాట్లాడుకుని ఆ బిల్లు క్లబ్బుకు పంపాడని ఒక కథ. లెక్కలు చూపమని అధికారులు నిలదీస్తే, మరుగుదొడ్డికి రెండుసార్లు వెళ్లినందుకు రెండు పెన్నీలని పద్దు రాశాడని మరో కథ. ఇందులో నిజమెంతో, చెప్పుకున్నవాళ్లు కలిపిందెంతో గానీ, కట్నం వద్దన్న అల్లుడికి పెట్టుపోతలే ఎక్కువైన సంసారం మాత్రం అది.

సరే, గీత సంగతికి వద్దాం. ఆనాటి నిబంధన ప్రకారం గోలీ తన జట్టు సగభాగంలో ఎక్కడైనా బంతిని చేత్తో ముట్టుకోవచ్చు, అంటే మైదానం మధ్య గీత దాకా. కాకపోతే బంతి పట్టుకుని రెండడుగులకు మించి వేయకూడదు. అవతలివాళ్లు వచ్చి భుజంతో గుద్ది పడేయడానికి ఒప్పుదల ఉండేది. అందుకే తక్కిన గోలీలు బంతి చేతికి రాగానే వదిలించుకుని స్తంభాల మధ్యకు పరుగెత్తేవాళ్లు. రూస్ ఆ నిబంధనను వకీలులా చదివాడు. రెండడుగులు మించొద్దన్నది బంతి చేతిలో ఉంటేనే కదా, నేలకు కొట్టుకుంటూ పోతే ఎవరు వద్దన్నారు? ఆరడుగుల పైచిలుకు మనిషి. బంతిని నేలకు తట్టుకుంటూ మధ్య గీత దాకా వెళ్లి, గుద్దడానికి వచ్చినవాణ్ని తానే గుద్ది, అక్కణ్నుంచి ముందువరసకు అందించేవాడు. గోల్ కాపలా కాసేవాడే దాడి మొదలుపెట్టడం జనానికి కొత్త. బంతి అవతలి కొసన ఉంటే స్తంభానికి ఆనుకుని జనంతో కబుర్లాడేవాడట.

అతన్ని వట్టి విదూషకుడు అనుకునేరు. గోల్‌కీపింగ్ కళ గురించి 1906లో ఒక పెద్ద ఫుట్‌బాల్ గ్రంథానికి వ్యాసం రాసినవాడు. 1907లో వేల్స్ తొలిసారి బ్రిటిష్ దేశాల ఛాంపియన్‌షిప్ గెలిచిన కాలంలో గోల్ అతనిదే. 1908 డిసెంబరు 5న సండర్‌ల్యాండ్ వెళ్లి న్యూకాజిల్‌ను వాళ్ల సొంత మైదానంలో 9-1తో ఓడించింది. విరామానికి 1-1గా ఉన్న ఆట అది. ఆ రోజూ గోల్‌లో రూసే. మళ్లీ అదే న్యూకాజిల్ మీద ఆడుతూ 1910లో మణికట్టు విరగ్గొట్టుకున్నాడు. ఆ తర్వాత పాత వాడి తగ్గింది.

1912లో నిబంధన మారింది. గోలీ చేతులు ఇక పెనాల్టీ బాక్సు లోపలే పనికొస్తాయి. అతనొక్కడే కారణమని నేననను, ముందుకు దూకే గోలీలు ఇంకొందరూ ఉన్నారు. అయితే ఆ మార్పు మాట వచ్చిన ప్రతిచోటా ముందు వినిపించే పేరు అతనిదే. అప్పటికే బాక్సు గీతలు పదేళ్లుగా మైదానాల మీద ఉన్నాయి. గోలీ చేతులకు అవి హద్దు కావడం మాత్రం అప్పుడే.

1914లో యుద్ధం వచ్చింది. రూస్ సైనిక వైద్యదళంలో చేరి ఫ్రాన్సులో, గల్లిపోలిలో పనిచేశాడు. ఆ దళంలో ఉండిపోతే కందకాలకు కాస్త వెనకే ఉండేవాడు. 1916లో రాయల్ ఫ్యుజిలియర్స్ తొమ్మిదో బెటాలియన్‌లో మామూలు సిపాయిగా చేరాడు. ఆ ఆగస్టులో సోమ్ రంగంలో, పోజియేర్ దగ్గర జర్మన్లు మంటలు చిమ్మే యంత్రాలతో పైబడ్డారు. కందకంలోకి దిగడం అతనికదే మొదలు. బట్టలు కాలాయి, పొగకు ఊపిరాడలేదు. చికిత్సకు వెనక్కి పొమ్మంటే పోలేదు. చెయ్యి ఇక లేవనంత వరకు చేతి బాంబులు విసిరి, అది పడిపోయాక తుపాకి అందుకున్నాడు. మిలిటరీ మెడల్ ఇచ్చారు, లాన్స్ కార్పొరల్‌ను చేశారు. మైదానంలో జనం మురిసింది ఎంతో దూరం పోయే ఆ చేతి విసురునే చూసి. 

1916 అక్టోబరు 7న గెదెకూర్ దగ్గర దాడిలో చనిపోయాడు. వయసు 38. శవం దొరకలేదు.

దొరకని 72,000 మందికి పైగా సైనికుల పేర్లు టీప్‌వాల్ స్మారకం మీద చెక్కారు. 1932లో ఆవిష్కరించిన ఆ కట్టడానికి రూపకర్త మన ఢిల్లీలో రాష్ట్రపతి భవన్‌కు రూపమిచ్చిన ఎడ్విన్ లుట్యెన్సే. సైన్యంలో చేరినప్పుడు గుమాస్తా రూస్ ఇంటిపేరులో రెండో 'ఓ' బదులు 'యు' రాశాడు. రూస్ రౌస్ అయ్యాడు. పతకం రౌస్‌కే వచ్చింది, రాతి మీదా రౌస్ పేరే చెక్కారు. వేల మంది నోట నానిన పేరు కోసం వెతికేవాళ్లకు ఆ రాతి మీద చాలాకాలం ఆచూకీ దొరకలేదు.

మాస్టారికి మనం రాయి పెట్టలేదు, ఈ ఉపన్యాసం పెట్టుకున్నాం. అదే మంచిదని నాకనిపిస్తుంది. రాతి మీద ఒక్క అక్షరం పొరపాటు పడితే మనిషి మాయమైపోవచ్చు. సున్నం గీత అలా కాదు. వానకు పోతుంది, మర్నాడు ఎవరో ఒకరు మళ్లీ పోయాలి. పోసేవాడికి రూస్ పేరు తెలియనక్కర్లేదు. బంతి చేత పట్టుకుని వచ్చిన కుర్రాడు ఆ గీత దగ్గర ఠక్కున ఆగుతాడు.

రేపు పొద్దున మన మైదానంలో గీతలు పోసే పిల్లలకు ఒక మాట. గోల్ నుంచి పద్దెనిమిది గజాలు, తాడు బిగించి కొలవండి. ఒక్క అడుగు అటూ ఇటూ అయినా మాస్టారు చెరిపించి మళ్లీ గీయించేవారు.